ఓడరేవు గుడి, జంక్షన్ గుడి

బందరు సెయింట్ మేరీ చర్చి ఒక ఆడమనిషి సమాధి మీద లేచిన కట్టడం. ఆమె పేరు అరబెల్లా రాబిన్సన్, పోయింది 1809లో. ఈస్టిండియా కంపెనీ సైన్యంలో పెద్ద హోదాలో ఉన్న జాన్ పేటర్ ఆమెను ప్రేమించాడనీ, పెద్దలు పెళ్లికి ఒప్పుకోలేదనీ, ఆమె పోయాక ఆ సమాధి మీదనే చర్చి కట్టించాడనీ బందరువాళ్లు చెబుతారు. శవానికి మందులు పూసి అద్దం కింద ఉంచాడని, అప్పుడప్పుడు వచ్చి చూసుకునేవాడని ఇంకో ముక్క కలుపుతారు. ఆ అద్దం ముక్క కథకు చల్లిన ఉప్పూకారం అనుకుంటాను. ఏమైనా ప్రేమకథ ఉన్న చర్చికి పేరు తొందరగా వస్తుంది. మా దిక్కు ఉన్న డోర్నకల్ చర్చికి అలాంటి కథ లేదు. అందుకే కాబోలు, దాన్ని చూడడానికి ఎవరూ పనిగట్టుకుని రారు.

నాది చెల్పూరు. భూపాలపల్లి బొగ్గు, కాకతీయ థర్మల్ కేంద్రం పొగగొట్టాలు, గణపురం కోటగుళ్లు, ఇవీ మా ఊరి చుట్టుపక్కల గుర్తులు. బడిలో సోషల్ చెప్పి రిటైరయ్యాను. ఐరోపావాళ్ల రాక పాఠం వచ్చినప్పుడల్లా బందరు, భీమిలి, పులికాట్ అని పటంలో వేలు పెట్టి చూపిస్తుంటే పిల్లలు ఆవలించేవాళ్లు. ఒకసారి వెనక బెంచీ పిల్లగాడు లేచి, "సార్, మన దిక్కు ఓడలు రాలె గదా, మరి డోర్నకల్ల గంత పెద్ద చర్చి ఎవలు కట్టిండ్రు?" అన్నాడు. వాని అమ్మమ్మగారిది డోర్నకలట. పాఠం పుస్తకంలో దానికి జవాబు లేదు. నాకు తెలిసిన జవాబు బందరు నుంచే మొదలవుతుంది.

అసలు మా నేలకు సముద్రంతో సంబంధం తెల్లవాళ్లతో మొదలు కాలేదు. ఓరుగల్లు ఏలిన గణపతిదేవుడు 1244లో మోటుపల్లి రేవులో అభయశాసనం వేయించాడు. గాలివానకు పగిలి ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకును వెనకటి రాజులు లాగేసుకునేవాళ్లనీ, తాను మాత్రం నిర్ణయించిన సుంకం తప్ప ఇంకేమీ ముట్టననీ పరదేశి వర్తకులకు అందులో మాటిచ్చాడు. అంటే గణపురం, పాలంపేట గుళ్లు కట్టిన కాలంలో ఈ రాజ్యానికి సొంత రేవు ఉంది. తర్వాత గోలకొండ నవాబులకు బందరు రేవయింది. ఇరాన్ వర్తకులు వచ్చారు. డచ్చివాళ్లు 1605లో, ఇంగ్లీషువాళ్లు 1611లో వచ్చి దిగారు. వాళ్లకు కావలసింది కలంకారీ అద్దకం బట్టలు, వజ్రాలు, ఉక్కు. దేవుని మాట ఎవరికీ చెప్పాలని వాళ్లకు లేదు. వర్తకానికి వచ్చినవాళ్లు వర్తకమే చేశారు, జ్వరాలతో విరేచనాలతో చచ్చారు. ఆ చావుల గుర్తులు డచ్చివాళ్ల సమాధుల మీద ఇప్పటికీ ఉన్నాయి. రాతి పలకల మీద వంశచిహ్నాలు, వాళ్ల భాషలో చెక్కిన అక్షరాలు, 17వ శతాబ్దం తేదీలు. పురావస్తు శాఖ చుట్టూ గోడ కట్టి కాపాడుతోంది. రేవు పట్టణాల్లో ఐరోపావాళ్లు ముందు శ్మశానం వేసుకున్నారు, చర్చి తర్వాత వచ్చింది. సెయింట్ మేరీ చర్చిలో ఆ వరుస మరీ సూటిగా కనిపిస్తుంది: సమాధి మీదనే గుడి.

బందరు మా చేతి నుంచి ఎట్లా పోయిందో పిల్లలకు చెప్పేటప్పుడు నాకు కొంచెం హుషారు ఎక్కువయ్యేది. 1750లో కోట ఫ్రెంచివాళ్ల చేతికొచ్చింది. 1759 ఏప్రిల్ 7 రాత్రి ఇంగ్లీషు కంపెనీ కర్నల్ ఫోర్డ్ బురదలో నడిపించుకొచ్చిన సేనతో దాని మీద పడ్డాడు. తెల్లారేసరికి ఫ్రెంచి సేనాని కాన్‌ఫ్లాన్స్ లొంగిపోయాడు. పట్టుకున్నవాళ్ల కంటే పట్టుబడ్డవాళ్లే ఎక్కువ. 1766 ఒప్పందంతో నిజాం ఉత్తర సర్కారులను కంపెనీకి వదిలేశాడు. ఆ తర్వాత మా తెలంగాణం నాలుగు దిక్కులా నేలే ఉన్న రాజ్యమైపోయింది. 1940ల్లో చివరి నిజాం ఒక రేవు కావాలని గోవా వైపు చూశాడంటే ఆ కొరత ఎంతకాలం కుట్టిందో చూడండి.

బందరుకు పాఠాలు చెప్పే దొరలు 1841లో వచ్చారు. చర్చి మిషనరీ సొసైటీ పంపిన రాబర్ట్ నోబుల్, హెన్రీ ఫాక్స్. ఫాక్స్ ఊళ్లు తిరిగి బోధించే మనిషి, ఆరోగ్యం చెడి 1848లో ఇంగ్లండులో పోయాడు. నోబుల్ 1843లో బడి పెట్టాడు. ఇరవై నాలుగేళ్లలో ఒక్కసారి కూడా స్వదేశం వెళ్లలేదు. ఆయన దీక్షకు దండం పెట్టాల్సిందే. అయితే ఆ బడి తలుపు మాల మాదిగ పిల్లలకు తెరుచుకోలేదు. ముందు పై కులాలవాళ్లు మారితే కిందికి అదే దిగుతుందని ఆయన లెక్క. బ్రాహ్మణ పిల్లలు కొందరు బాప్తిస్మం తీసుకున్నారు, ఊరు అట్టుడికింది, బడి ఖాళీ అయింది, మళ్లీ నిండింది. 1864 నవంబరు 1 రాత్రి తుపాను ఉప్పెన బందరు మీద పడి సుమారు ముప్పై వేల మందిని తీసుకుపోయింది. మరుసటి ఏడు నోబుల్ కూడా పోయాడు. ఆయన పేరు మీద కాలేజీ ఉంది. రేవు మాత్రం మళ్లీ మునుపటిలా లేవలేదు. ఇసుక మేట వేసింది, పెద్ద ఓడలు దూరాన లంగరు వేసుకోవలసి వచ్చేది, వర్తకం కాకినాడకు, మద్రాసుకు జరిగిపోయింది.

నోబుల్ లెక్క తప్పని తేలడం ఆయన బతికుండగానే మొదలైంది. 1859లో బెజవాడ దగ్గర టి. వై. డార్లింగ్ అనే మిషనరీ దగ్గరికి రాఘవాపురం నుంచి పగోలు వెంకయ్య అనే మాల పెద్ద వచ్చాడు. డార్లింగ్ ఏళ్ల తరబడి ఊళ్లు తిరిగి ఫలితం కనపడక విసిగి ఉన్నాడు. వెంకయ్యను ఎవరూ పిలవలేదు. తనే వెతుక్కుంటూ వచ్చాడు, బాప్తిస్మం తీసుకున్నాడు, తన వాళ్లను తెచ్చాడు. ఆ తర్వాత కృష్ణా జిల్లా పల్లెల్లో మాలపల్లెలు, మాదిగవాడలు ఒకదాని వెనక ఒకటి కదిలాయి. నేను చదివినంతలో తెలుగునాట ఆంగ్లికన్ సంఘం మొదలైంది బందరు బడిలో కాదు, రాఘవాపురం మాలపల్లెలో. దొరలు దీన్ని ఒప్పుకోవడానికి చాలా కాలం పట్టింది.

ఇక డోర్నకల్ సంగతికి రావాలంటే బొగ్గు మీదుగా రావాలి. జియలాజికల్ సర్వేకు చెందిన విలియం కింగ్ 1871లో ఇల్లందు దగ్గర బొగ్గు కనిపెట్టాడు. గని తవ్వకం 1889లో మొదలైంది. అదే ఏడాదికి నిజాం రైలు వరంగల్ మీదుగా బెజవాడ చేరింది. ఇల్లందు గనులకు పాయ విడిపోయే చోట డోర్నకల్ జంక్షన్ అయింది. మా చెల్పూరులో ఇవాళ కాలుతున్న బొగ్గు కూడా ఆ గనుల నుంచి ఎదిగిన సింగరేణి కంపెనీదే కాబట్టి ఈ చుట్టరికం నాకు ఇష్టం. ఒకప్పుడు సరుకూ సంగతులూ ఓడ మీద బందరులో దిగేవి. ఇప్పుడు రైలు దిగేచోటు రేవయింది. ఆ రేవుకు పోర్టరు, గ్యాంగుమన్ను, గనికూలీ, పాదరీ అందరూ వచ్చారు.

ఆ పాదరీ ఇంగ్లండువాడు కాకపోవడమే ఈ కథలో అసలు సంగతి. వేదనాయగం శామ్యూల్ అజరయ్యది తిరునెల్వేలి దగ్గర వెల్లాలన్‌విళై. 1874 ఆగస్టు 17న పుట్టాడు. తండ్రి పల్లెటూరి గురువు. వాళ్లది తాటిచెట్లు ఎక్కి బతికిన నాడార్ కులం. అజరయ్య వై.ఎం.సి.ఎ. ఉద్యోగిగా ఊళ్లు తిరుగుతూ 1902లో శ్రీలంకలోని యాళ్పాణం (జాఫ్నా) వెళ్లాడు. అక్కడి తమిళ క్రైస్తవులు సొంత డబ్బుతో ఇండియాకు బోధకులను పంపుతున్నారని చూసి సిగ్గుపడ్డాడు. మరుసటి ఏడు తిరునెల్వేలిలో ఇండియన్ మిషనరీ సొసైటీ పుట్టింది. మనుషులు మనవాళ్లే, డబ్బు మనదే అన్నది దాని పట్టు. పని చేయడానికి వాళ్లు ఎంచుకున్న చోటు నిజాం రాజ్యంలో డోర్నకల్ చుట్టుపక్కల. 1909లో అజరయ్య మంచి ఉద్యోగం వదిలి, ముప్పై అయిదేళ్ల వయసులో, తెలుగు నేర్చుకోవడానికి మా అడవుల్లోకి వచ్చాడు. భార్య అన్బు కూడా ఆ పనిలో దిగింది.

1910లో ఎడిన్‌బరో ప్రపంచ మిషనరీ సభలో ఈ నల్లమనిషి లేచి తెల్లదొరల ముఖం మీదే చెప్పాడు: మీ త్యాగాలు, దానాలు మాకు తెలుసు, మీరు మాకు స్నేహితులు మాత్రం కాలేదు. సభ ఇబ్బందిగా కదిలిందట. రెండేళ్లకు, 1912 డిసెంబరు 29న, కలకత్తా సెయింట్ పాల్స్ కెథీడ్రల్‌లో ఆయనకు బిషప్ అభిషేకం జరిగింది. ఆంగ్లికన్ సంఘంలో మొదటి భారతీయ బిషప్. పట్టుపట్టి దీన్ని సాధించింది మద్రాసు బిషప్ హెన్రీ వైట్‌హెడ్. తత్వవేత్త ఏ. ఎన్. వైట్‌హెడ్‌కు అన్న ఈయన. అడ్డుకున్నవాళ్లూ తక్కువ కాదు. తెల్ల గురువులు నల్ల బిషప్ కింద పని చేస్తారా అని దొరలు అడిగారు, మా మీద ఇంకో కులంవాడు ఏమిటని కొందరు దేశీ క్రైస్తవులూ గొణిగారు. అందుకే మొదట ఆయనకు ఇచ్చిన ప్రాంతం చిన్నది, బీదది, పెద్ద దొరలెవరూ కోరుకోనిది. డోర్నకల్‌లో కెథీడ్రల్ లేదు, బంగళా లేదు. బిషప్ ఎడ్లబండి మీద ఊళ్లు తిరిగాడు.

తర్వాత జరిగినదాన్ని నేను పిల్లలకు పటం మీద చూపించేవాణ్ణి. 1920ల కల్లా డోర్నకల్ అధ్యక్ష మండలం తీరం దాకా పెరిగింది. కృష్ణా జిల్లాలోని మిషను పొలమంతా, బెజవాడ, ఏలూరు, చివరికి బందరు కూడా అజరయ్య చేతి కిందికి వచ్చాయి. గణపతిదేవుని కాలంలో ఓరుగల్లు రాజు రేవును ఏలాడు. 1766లో రేవు పోయింది. నూటయాభై ఏళ్ల తర్వాత నిజాం రాజ్యంలో ఒక రైల్వే జంక్షన్ నుంచి ఒక తమిళాయన నోబుల్ బడికి పెద్దయ్యాడు, ఇంగ్లీషు గురువులు ఆయన ముందు మోకరించి దీవెన తీసుకున్నారు. నిజాముకు సాధ్యం కానిది ఒక బిషప్‌కు సాధ్యమైందని నేను నవ్వుతూ అనేవాణ్ణి, పిల్లలు నవ్వేవాళ్లు కాదు. 1941 నాటికి ఆ మండలంలో క్రైస్తవులు రెండు లక్షలు దాటారు. ఇంచుమించు అంతా మాల మాదిగ పల్లెలవాళ్లు.

డోర్నకల్ ఎపిఫనీ కెథీడ్రల్‌ను 1939 జనవరి 6న ప్రతిష్ఠించారు. పని మొదలై అప్పటికి రెండు దశాబ్దాలు దాటింది. ఇంత ఆలస్యానికి కారణం డబ్బే. మా అవ్వ డోర్నకల్ సంఘం పిల్ల. ఆమె చివరిదాకా మానని అలవాటు ఒకటుంది. ఎసట్లో బియ్యం పోసే ముందు ఒక పిడికెడు తీసి పక్కన కుండలో వేసేది. ఆదివారం ఆ కుండ గుడికి పోయేది. ఇంట్లో బియ్యం నిండుకున్న రోజు కూడా వేసేది, అప్పుడు పిడికిలి కొంచెం చిన్నదయ్యేది, అంతే. దీన్ని మా ఇంటి పద్ధతి అనుకునేవాణ్ణి. తర్వాత తెలిసింది, అజరయ్య పల్లెపల్లెకూ నేర్పిన పద్ధతట అది. కోత పండుగకు జొన్న కంకులు, గుమ్మడికాయలు, కోళ్లు, మేకపిల్లలు కానుకగా వచ్చేవి. గుడి ముందే వేలం పాడేవాళ్లు. బీదవాడు ఇవ్వలేడు కాబట్టి వాడికి ఇద్దాం అనడం వాణ్ణి బిచ్చగాణ్ణి చేయడమేనని అజరయ్య నమ్మకం. ఇవ్వడం గురించే ఒక పుస్తకం కూడా రాశాడు. మెదకు చర్చితో పోల్చి చూస్తే ఇది తెలుస్తుంది. అక్కడ పాస్‌నెట్ దొర కరువుకాలంలో జనానికి పని చూపించి 1924 నాటికి లేపిన గుడి అది. దాని గంటగోపురం 175 అడుగులు, పర్యాటకులు బస్సుల్లో వస్తారు. నాకు మెదకు మీద చిన్నచూపు లేదు. అక్కడ జనం కూలి తీసుకున్నారు, అన్నం తిన్నారు, గొప్ప పని. డోర్నకల్‌లో జనం తమ అన్నంలోంచి తీసి ఇచ్చారు. రెండూ ఒకటి కావు.

కట్టడం సంగతి. మెదకు చూస్తే ఇంగ్లండులో ఉన్నట్టుంటుంది: కోణాకారపు కమాన్లు, రంగుటద్దాల కిటికీలు. బందరు సెయింట్ మేరీ కూడా తెల్లవాళ్ల ఊరి పద్ధతిదే. డోర్నకల్ దూరం నుంచి చూస్తే మసీదేమో అనిపిస్తుంది, గుమ్మటాలూ మినార్లూ. లోపల అడుగు పెడితే గుడి మండపం, చెక్కిన రాతి స్తంభాలు, వాటి మీద తామర, శిలువ. రామప్ప స్తంభాలు చూసి పెరిగిన కంటికి ఇక్కడి చెక్కడం మోటుగా అనిపించవచ్చు. రామప్ప కట్టించిన రేచర్ల రుద్రుని శిల్పులకు ఉన్న తీరిక, నల్లరాయి, రాజు ఖజానా వీళ్లకు లేవు. అయినా నాకు ఇది మన నేల మీద మొలిచిన చర్చిలా ఉంటుంది. నిజాం రాజ్యంలో ముసల్మాను ఏలికల కింద, హిందువుల ఊళ్ల మధ్య, అంటరానివాళ్లని పేరుబడ్డవాళ్లు కట్టుకున్న గుడికి ఇంతకంటే తగిన ముఖం ఉండదు. ఊరి గుడి మండపం తమ తాతలను తొక్కనివ్వనిది. ఆ మండపాన్నే వాళ్లు తమ గుడి లోపల కట్టుకుని, చెప్పులు బయట విడిచి, కింద చాపల మీద కూర్చున్నారు. దీని గురించి పెద్దగా ఎవరూ రాయకపోవడం నాకు వింతే.

ఇంతా చెప్పి చేదు మింగేస్తే సోషల్ పంతులును కాను. గుడి ఒకటే అయినా మాలలు, మాదిగలు ఒక బల్ల దగ్గర తినడం అజరయ్య అనుకున్నంత సులువుగా కాలేదు. పిల్లనిచ్చి పుచ్చుకునే దగ్గర ఇప్పటికీ చాలాచోట్ల కాలేదు. ఆయన మురికి, రోగం, అప్పు, తాగుడు అనే నాలుగు దయ్యాల మీద ఊరూరా యుద్ధం చేశాడు. మొదటి రెండూ కొంత లొంగాయి. అప్పు ఫైనాన్సు కంపెనీగా, తాగుడు బెల్టుషాపుగా మారువేషం వేసుకొచ్చాయి. 1930ల్లో గాంధీతో ఆయనకు గట్టి తగవు నడిచింది. ఊళ్లకు ఊళ్లు మతం మారడం గాంధీకి నచ్చలేదు. మాలవాడు తన దేవుణ్ణి తాను ఎంచుకోగలడని అజరయ్య వాదం. అట్లాగని ఆయన క్రైస్తవులకు వేరే ఓటరు జాబితా అడగలేదు, 1932 కమ్యూనల్ అవార్డు అది ఇస్తానంటే వద్దన్నాడు. మైనారిటీ అని గిరి గీసుకుని కూర్చుంటే సాక్ష్యం చెప్పలేమన్నది ఆయన లెక్క. తర్వాత రాజ్యం వేరే గిరి గీసింది. 1950 ఉత్తర్వుతో క్రైస్తవుడైన మాల, మాదిగ ఎస్సీ కాడు. మన దగ్గర బీసీ-సీ, రిజర్వేషన్ ఒక శాతం. అందుకని బడి రిజిస్టర్లో ఒక మతం, ఆదివారం ఒక మతం. అడ్మిషన్ల నాడు నా టేబుల్ ముందు తండ్రులు ఆ గడి దగ్గర ఆగి, "సార్, ఏం రాయాలె?" అని అడిగేవాళ్లు. "మీ ఇష్టం, కాగితం ఏముంటే అది" అనేవాణ్ణి. అంతకంటే చెప్పడానికి నాకు అధికారం లేదు.

అజరయ్య 1945 జనవరి 1న డోర్నకల్‌లోనే పోయాడు. కెథీడ్రల్ ఆవరణలోనే సమాధి. అప్పటిదాకా మండలాన్ని ఏలే భారతీయ ఆంగ్లికన్ బిషప్ ఆయన తప్ప ఇంకొకరు లేరు. ముప్పై రెండేళ్లలో ఇంకొక్కరినీ కూర్చోబెట్టలేదన్నమాట, ఇది దొరల గురించి చెబుతుందో, మన గురించి చెబుతుందో మీరే అనుకోండి. ఆయన కలగన్న సంఘాల ఐక్యతకు బీజం పడింది కూడా ఒక రేవు పట్టణంలోనే. డేన్‌లు కట్టిన తరంగంబాడిలో 1919లో జరిగిన సమావేశానికి ముందు నిలబడినవాళ్లలో ఆయన ఒకరు. ఆంగ్లికన్లు, మెథడిస్టులు, ఇతర సంఘాలూ కలిసి దక్షిణ ఇండియా సంఘం ఏర్పడేసరికి 1947 సెప్టెంబరు 27 అయింది, మూడేళ్లకు కొంచెం తక్కువ తేడాతో ఆయన చూడలేకపోయాడు. ఆ తర్వాత కృష్ణా-గోదావరి మండలం వేరుపడింది, బందరు మళ్లీ తన దారిన తాను పోయింది. 2023లో అక్కడ కొత్త రేవు పని మొదలుపెట్టారు.

చూడాలనుకునేవాళ్లకు దారి చెబుతాను. మా చెల్పూరు నుంచైతే పరకాల మీదుగా వరంగల్ బస్సు, వరంగల్‌లో విజయవాడ వైపు ప్యాసింజరు. మహబూబాబాద్ దాటాక డోర్నకల్. ఎక్స్‌ప్రెస్‌లు అన్నీ ఆగవు, చూసుకుని ఎక్కండి. జనవరి మొదటి వారంలో పోతే ఎపిఫనీ పండుగ దొరుకుతుంది, ఆదివారం పోతే పాటలు దొరుకుతాయి. మామూలు రోజుల్లో తలుపు వేసి ఉంటే పక్కన ఆఫీసులో అడగండి, తీస్తారు. చెప్పులు బయటే.